చేప నడవని ఇల్లు

హేమ ఆ ఇంట్లో అద్దెకు దిగిన మొదటి ఆదివారమే ఇంటివాళ్ళబ్బాయితో గొడవ పెట్టుకుంది. గొడవ మటన్ గురించి.

ఇల్లు రాయచూరులో, స్టేషన్ రోడ్డు వెనక సందులో. కింద మహదేవప్ప, శరణమ్మ, వాళ్ళ ఒక్కగానొక్క కొడుకు అంబరీష్ ఉంటారు. మేడ మీద ఒక గది, చిన్న వంటగట్టు, బట్టలారేసుకునేంత బాల్కనీ. హేమ ఒక ప్రైవేటు ఆసుపత్రిలో ఫిజియోథెరపిస్టు. విరిగి అతికిన చేతుల్నీ కాళ్ళనీ బుజ్జగించో బెదిరించో మళ్ళీ దారిలో పెట్టడం ఆమె పని. గది చూడ్డానికి వచ్చిన రోజున మహదేవప్ప అద్దె సంగతి కంటే ముందు ఒక్క షరతు చెప్పాడు.

"చాప మాత్రం వండొద్దమ్మ. మా ఇంట్ల చాప నడవది."

శాకాహారుల ఇల్లు కాబోలు అనుకుని హేమ సరేనంది. తీరా ఆదివారం పొద్దున తడిబట్టలతో బాల్కనీలోకి వచ్చేసరికి, కింద పెరట్లో రేకుల కింద గ్యాస్ పొయ్యి మీద ఒక పెద్ద గిన్నె కుతకుతలాడుతోంది. ధనియాల పొడిని, అల్లం వెల్లుల్లిని కూడా వెనక్కి నెట్టేసి మటన్ వాసన మేడెక్కి వచ్చింది. గిన్నె ముందు గరిటె పట్టుకుని అంబరీష్ నిలబడి ఉన్నాడు.

"ఏవండీ, అది మటనేనా?"

"అవును."

"మరి మీ నాన్నగారు నాతో వండొద్దన్నారే?"

"చాప వద్దన్నడు. మటన్ నడుస్తది. లోపలి వంటింట్ల కాదు, గీ బయటి పొయ్యి మీద."

"మటన్ నడుస్తుంది, చేప నడవదా? చేప మీకేం ద్రోహం చేసిందండీ?"

అంబరీష్ తల గోక్కున్నాడు. గోక్కున్నది గరిటె ఉన్న చేత్తో అని కాస్త ఆలస్యంగా తెలిసింది.

"ఏమో. మా ఇంటి దేవునికి పడదంట."

"మేకపోతైతే పడుతుందని ఆయనే చెప్పాడా?"

"మీరు క్యాంపోళ్ళు గదా?"

"అయితే ఏంటి?"

"ఏం లే. దిగిన మొదటి వారంలనే దేవునితోని లొల్లి పెట్టుకునే ఆడపిల్లలు మా దిక్కు లేరు, అందుకని అడిగిన."

"మాది కాలవ నీళ్ళున్న ఊరండీ. గొంతు ఎండదు," అని హేమ తడి దుప్పటిని తీగ మీద విసిరింది. దాని నీళ్ళు సగం అంబరీష్ మీద, సగం కూరగిన్నె మూత మీద పడ్డాయి. కావాలనే చేసిందా లేదా అన్నది అతనికి ఇప్పటికీ తెలియదు.

హేమ వాళ్ళ క్యాంపు కవితాళకు అవతల, కాలవ కింద. కోస్తా నుంచి వచ్చిన రైతులు గుడిసెలు వేసుకుని నల్లరేగడిని వరిమళ్ళు చేసుకున్న ఊళ్ళను ఈ జిల్లాలో క్యాంపులనే అంటారు. తరాలు మారాయి, గుడిసెలు పోయి డాబాలు వచ్చాయి. ఆ ఇళ్ళలో మాట మాత్రం మారలేదు, కంచంలో చేప కూడా మారలేదు. రాయచూరులో కొందరికి అదే వెటకారం. బడిలో చదివే రోజుల్లో టిఫిన్ డబ్బా తెరవగానే పక్క పిల్లలు ముక్కు మూసుకున్న సంగతి హేమ ఎవరికీ చెప్పదు. అందుకే "చాప నడవది" అన్న మాట ఆమెకు షరతులా వినబడలేదు. పాత మాటనే మళ్ళీ విన్నట్టు అనిపించింది.

అంబరీష్‌ది సోలార్ పంపుల కంపెనీలో సర్వీసు ఉద్యోగం. ఒకరోజు మస్కి, ఒకరోజు కల్లూరు, మర్నాడు కవితాళ. బైకు మీద జిల్లా అంతా తిరుగుతాడు. కవితాళ వైపు వెళ్ళినప్పుడల్లా హేమ వాళ్ళింటి నుంచి ఏదో ఒకటి మోసుకురావడం మొదలైంది. ఒకసారి ఆవకాయ, ఒకసారి ఆమె మరిచిపోయిన గొడుగు, ఒకసారి ఉత్త కుశల ప్రశ్నలు. ఆ ఇంట్లో అమ్మానాన్నా ఉన్నా ఆఖరి మాట తాతయ్య శివరామకృష్ణయ్యది. ఆయన పొలంలో పంపు కూడా అంబరీష్ కంపెనీదే. అది ఆ ఏడాది పాడైనన్ని సార్లు జిల్లాలో ఇంకే పంపూ పాడవలేదు.

"పంపుకేమైందండీ?" అని హేమ అడిగేది.

"ప్యానెల్ మీద దుమ్ము పడ్డది."

"దుమ్ము తుడవడానికి ఇంత దూరమా?"

"మీ తాత మంచి భోజనం పెడతడు."

ఆ మాట మాత్రం నిజం. మొదటిసారి పెట్టినప్పుడు కంచంలో చేపల పులుసు. అంబరీష్ దాన్ని చూశాడు, తాతయ్యను చూశాడు. పెద్దాయన విసనకర్ర పట్టుకుని పక్కన కూర్చుని, ముల్లు ఎలా తీయాలో చూపిస్తుంటే వద్దనడానికి నోరు రాలేదు. ఒక ముద్ద తిన్నాడు. తర్వాత మారు వడ్డించుకున్నాడు. ఇంటికొచ్చి ఆ సంగతి తల్లితో చెప్పలేదు. చెప్పలేదన్న బాధ మాత్రం ముల్లులా లోపల ఉండిపోయింది.

శ్రావణం వెళ్ళింది. భాద్రపదం వానలు పట్టుకున్నాయి. ఒక సాయంత్రం ఆసుపత్రి ముందు బైకాపి హేమను ఎక్కించుకున్నాడో లేదో, ఆకాశం మొత్తం ఒకేసారి దిగింది. ఇద్దరూ పరుగెత్తి మూసి ఉన్న ఎరువుల దుకాణం చూరు కింద నిలబడ్డారు. చూరు ఒక మనిషికి సరిపోతుంది. ఇద్దరు నిలబడాలంటే మొహమాటం వదులుకోవాలి. అతని ఎడమ భుజం, ఆమె కుడి భుజం వానకే వదిలేశారు.

"తాతయ్య ఫోన్ చేశాడు," అంది హేమ వాన వైపే చూస్తూ. "సింధనూరు దగ్గర క్యాంపు నుంచి సంబంధం వచ్చిందట. అమావాస్య వెళ్ళాక ఆదివారం వస్తామంటున్నారు."

అంబరీష్ ఆమె వైపు తిరిగాడు. ఇన్నాళ్ళూ పంపుల మీద, ప్యానెళ్ళ మీద, దుమ్ము మీద పెట్టి చెప్పిందంతా ఇప్పుడు నేరుగా చెప్పాలి.

"రావద్దని చెప్పు."

"ఎందుకని చెప్పాలి?"

"నేనున్న గదా."

అది పెద్ద గొప్ప మాటేమీ కాదు. కానీ హేమ తల తిప్పి చూసింది. వాన చప్పుడులో కూడా ఆమె ఊపిరి అతనికి వినబడింది.

"నాకూ ఇష్టమే," అంది. "నువ్వంటే చాలా ఇష్టం. కానీ మీ ఇంటికి ఎలా రావాలో నాకు తెలియడం లేదు అంబరీష్. మా ఊళ్ళో కూడా పెళ్ళయి వెళ్ళాక నీసు మానేసిన ఆడవాళ్ళున్నారు. నేనూ మానేస్తాను, నాకది పెద్ద కష్టం కాదు. కానీ ఎందుకు మానాలో చెప్పు. మీ అమ్మకు నమ్మకం ఉందంటే మానేస్తాను. అది మురికి తిండి, క్యాంపువాళ్ళ కంపు అంటే మాత్రం మానను. అలా మానేస్తే మా తాతయ్య పక్కన కూర్చుని తినలేను."

"అమ్మ గట్ల అనుకునే మనిషి కాదు."

"మరి కారణం?"

పుట్టినప్పటి నుంచి ఆ ఇంట్లో ఉన్న అంబరీష్, చేప ఎందుకు నడవదో తల్లిని ఒక్కసారి కూడా అడగలేదు. చిన్నప్పుడు ఒకసారి నాన్నను అడిగితే, దేవునికి పడదని చెప్పి మాట మార్చేశాడు. అంతటితో సరిపెట్టుకున్నాడు. ఆ రాత్రే వెళ్ళి తల్లిని అడిగి ఉంటే కథ ఇంకోలా ఉండేది. కానీ అడగడానికి భయపడే మనిషి ఎప్పుడూ అంతకంటే పెద్ద పనే నెత్తికెత్తుకుంటాడు. అంబరీష్ ఏకంగా వండడానికి పూనుకున్నాడు.

"అమ్మ, నాన్న శనివారం మస్కికి పోతున్నరు, చుట్టాలింట్ల పిల్లగాని తొట్టెల పండుగకు. వచ్చేది మర్నాడే. మన బయటి పొయ్యి మీద ఒక్కసారి వండుదాం. ఏ దేవుడు ఏమంటడో చూద్దాం."

"దొంగతనంగానా?"

"ఒక్కసారి. తర్వాత నేనే అమ్మకు చెప్త."

హేమ ఒప్పుకోలేదు. రెండో రోజుకు సగం ఒప్పుకుంది. మూడో రోజుకు ఏం వండాలో తనే చెప్పింది.

"పులుసు పెడితే సందు చివరిదాకా తెలిసిపోతుంది. వేపుడు పెడితే స్టేషన్‌లో రైలాపి వస్తారు. పాస్తా చేద్దాం. కొబ్బరిపాలు, పైనాపిల్ ముక్కలు, రొయ్యలు. దీవుల్లో సముద్రం పక్కన చేస్తారు, వీడియోలో చూశాను. కొబ్బరి, పైనాపిల్ వాసన ముందు రొయ్య సంగతి ఎవరికీ తెలియదు. కేకు చేస్తున్నారనుకుంటారు."

రొయ్యలు క్యాంపు నుంచే వచ్చాయి. కోస్తా బస్సులో ఐసు పెట్టెలో దిగిన వాటిలోంచి తాతయ్య తనే ఏరి ఇచ్చాడు. నాలుగు వంజరం చేప ముక్కలు కూడా వేశాడు. "ఎవరికయ్యా?" అని అడిగితే అంబరీష్ "దోస్తుకు" అన్నాడు. తాతయ్య ఇంకేం అడగలేదు, మూత గట్టిగా బిగించి ఇచ్చాడు.

శనివారం మధ్యాహ్నం మళ్ళీ మబ్బు పట్టింది. హేమ డ్యూటీ దిగి పెరట్లోకి వచ్చేసరికి అంబరీష్ నడుముకు తువ్వాలు బిగించి, వంటవాడికంటే ఎక్కువ హడావిడిగా ఉన్నాడు. ఒక బాణలిలో పాస్తాను నెయ్యి వేసి ఎర్రగా వేయిస్తున్నాడు.

"అయ్యో, ఏం చేస్తున్నావు?"

"ఏంచుతున్న. ఏంచకపోతే ముద్దయితది. అమ్మ శావిగెకు, అదే సేమ్యాకు, గిట్లనే చేస్తది."

"పాస్తాను ఉప్పునీళ్ళలో ఉడకబెట్టాలి మహానుభావా, ఉప్మా చెయ్యట్లేదు!"

"ఉడకబెట్టొద్దని నేనన్ననా? ఏంచి ఉడకబెడదాం."

హేమ ఒక పాస్తా గొట్టం తీసి నోట్లో వేసుకుంది. వేయించిన గోధుమల కమ్మదనం ఉంది. ఏమీ అనకుండా నీళ్ళు మరగబెట్టింది.

"కొబ్బరిపాలు?"

అంబరీష్ గర్వంగా ఒక గిన్నె ముందుకు జరిపాడు. అందులో మట్టిరంగు నీళ్ళు, పైన తేలుతున్న నూనె, అడుగున పిప్పి. హేమ వేలు ముంచి వాసన చూసింది.

"ఇది పాలా? తలకు రాసుకునేదిలా ఉంది. దేంతో తీశావు?"

"కొబ్బరితోని. కుడుకలు మిక్సీ పట్టి వేడినీళ్ళు పోసిన."

ఆమె నవ్వడం మొదలుపెట్టింది. ఆ నవ్వు ఆగడానికి గోడ పట్టుకోవాల్సి వచ్చింది. రాయచూరు వంటిళ్ళలో కొబ్బరంటే డబ్బాలో దాచుకునే ఎండు కుడుకే. కూరలో వేస్తే అదే, పొడి కొడితే అదే. పచ్చికొబ్బరి గుడిలో దేవుడి ముందు కొట్టిన రోజున మాత్రమే కనబడుతుంది. పాలు కావాలంటే పచ్చికాయ కావాలన్న సంగతి అతనికి ఎవరు చెబుతారు?

"నవ్వుడు సాలు. పోయి తెస్త," అంటూ వానలోనే బైకెక్కి పూజసామాన్ల దుకాణం నుంచి రెండు టెంకాయలు తెచ్చాడు. హేమ తురిమి, పిండి, చిక్కటి పాలు తీసింది. వెల్లుల్లి, పచ్చిమిర్చి, ఉల్లిపాయ నూనెలో మగ్గాయి. వంజరం ముక్కల్ని ఉప్పు, మిరియాలతో అటూ ఇటూ కాల్చి పక్కన పెట్టింది. రొయ్యలు వేయగానే బూడిద రంగు పోయి ఎర్రబడ్డాయి. పైనాపిల్ ముక్కలు వేసి, కొబ్బరిపాలు పోసి మంట తగ్గించింది. కరివేపాకు వద్దంటే అంబరీష్ వినలేదు, రెండు రెబ్బలు వేసేశాడు. అప్పటికి రేకుల మీద వాన ఎంత గట్టిగా పడుతోందంటే మాట వినబడాలంటే దగ్గరికి రావాల్సి వచ్చింది. ఇద్దరికీ అది అభ్యంతరంగా లేదు.

"ఉప్పు చూడు," అని హేమ గరిటె అందించింది.

అంబరీష్ నాలుక మీద తీపి, కారం, పులుపు ఒకదాని వెనక ఒకటి వచ్చాయి. ఆఖరున రొయ్య.

"హేమా, నేనొకటి చెప్పాల."

"ఉప్పు తక్కువైందా?"

"కాదు. నువ్వు మానొద్దు. మా ఇంటికొచ్చినా మానొద్దు. అమ్మతోని నేను..."

వాన చప్పుడులో గేటు తెరిచిన సంగతి వాళ్ళకు తెలియలేదు. ఆమె అతని భుజం మీదుగా చూసి ఆగిపోయింది. పెరటి గుమ్మంలో శరణమ్మ నిలబడి ఉంది. చీర కుచ్చిళ్ళ దాకా తడిసి ఉంది. వెనక మహదేవప్ప, చేతిలో విప్పని గొడుగు.

"కల్లూరు దాటంగనే వాగు పొంగింది. బస్సు ఎనకకు మలిపిండ్రు," అన్నాడు మహదేవప్ప, ఎవరూ అడగకపోయినా.

శరణమ్మ గిన్నె వైపు చూసింది.

"అవి రొయ్యలా?"

"అవునమ్మ," అన్నాడు అంబరీష్. తిడుతుందని కాచుకున్నాడు. తిడితే బాగుండు అనుకున్నాడు కూడా. ఆమె తిట్టలేదు. గుమ్మంలోనే మెట్టు మీద కూర్చుండిపోయింది.

"శరణా, లే. లోపలికి పా," అన్నాడు మహదేవప్ప.

"ఉండు." ఆమె హేమ వైపు తిరిగింది. "పొయ్యి బంద్ చెయ్ బిడ్డ, అడుగంటుతది."

హేమ పొయ్యి ఆర్పింది. శరణమ్మ తడి కొంగును ఒళ్ళో పిండుకుంటూ మాట్లాడింది. గొంతు పెద్దది చేయలేదు.

"మా తమ్ముడు యమనూరప్ప ఉండె. అంబరీషూ, నువ్వు తొట్టెల్ల ఉంటివి అప్పుడు. మా ఊరు కృష్ణ ఒడ్డున. వానికి చాపలంటే పాణం. దోస్తులతోని పుట్టి ఏసుకొని పోయిండు, పుట్టి బోర్ల పడ్డది. దోస్తులు ఈదుకుంట వచ్చిండ్రు. వాన్ని నది తొందరగ ఇయ్యలే. ఇచ్చినప్పుడు చూసి మా అమ్మ ఒక్కటే మాటన్నది. ఇగ మన పొయ్యి మీద చాప ఎక్కొద్దు."

రేకుల మీద వాన పడుతూనే ఉంది. మామ నీళ్ళలో పోయాడని అంబరీష్‌కు తెలుసు. కానీ దాన్ని చేపతో ఎప్పుడూ కలిపి చూడలేదు. నది తొందరగా ఇవ్వలేదన్న మాట వెనక అమ్మమ్మ ఏం చూసి ఉంటుందో ఇప్పుడు అర్థమై, అతను గిన్నె మీద మూత పెట్టేశాడు.

"నాకు తెలీదాంటీ," అంది హేమ. ఆమె కళ్ళ నిండా నీళ్ళు. "నేనింకేదో అనుకున్నాను."

"ఏమనుకుంటివి?"

"మేమంటే చిన్నచూపేమో అని."

శరణమ్మ ఆశ్చర్యంగా చూసింది. ఆ ఆలోచన ఆమెకు ఎప్పుడూ వచ్చినట్టు లేదు. "మీ చేతి వంట చిన్నదెట్లైతది బిడ్డ," అని లేచి, చీర మార్చుకోవడానికి లోపలికి వెళ్ళిపోయింది. పాస్తా ఎవరూ తినలేదు. హేమ డబ్బాలో సర్ది మర్నాడు ఆసుపత్రికి పట్టుకెళ్ళింది. నర్సులు తిని బాగుందన్నారు.

ఆ తర్వాత ఆమె కింద ఆగడం మానేసింది. అంబరీష్ ఒకరోజు మెట్ల దగ్గర పట్టుకున్నాడు.

"నువ్వు కారణం అడిగితివి. దొరికింది గదా. ఇగ ఏంది?"

"కారణం దొరికింది, మానేయడం కూడా సులువే. అది కాదు. నన్ను చూసినప్పుడల్లా ఆంటీకి ఆ రోజే గుర్తొస్తుంది అంబరీష్. ఇన్నేళ్ళు దాచుకున్న గాయాన్ని నేను గరిటె పెట్టి కెలికాను. ఆ ఇంటికి కోడలిగా ఏ ముఖంతో రమ్మంటావు? అమావాస్యకి క్యాంపుకి వెళ్తున్నాను. ఆదివారం వాళ్ళని రానిమ్మని తాతయ్యతో చెబుతాను."

"నన్ను వద్దంటున్నవా?"

"నిన్ను కాదు," అని గబగబా మెట్లెక్కేసింది.

ఆ సాయంత్రం అంబరీష్ ఇంతకుముందే చేయాల్సిన పని చేశాడు. వంటింట్లో తల్లి రొట్టెలు తడుతుంటే పీట వాల్చుకుని ఎదురుగా కూర్చున్నాడు.

"అమ్మా, మామ ఎట్లుండెటోడు?"

శరణమ్మ చెయ్యి ఆగింది. మళ్ళీ తట్టడం మొదలుపెట్టింది. తమ్ముడి గురించి తనను ఎవరూ అడిగి ఎన్నాళ్ళైందో. వాడు ఎట్లా పోయాడని అడిగినవాళ్ళే తప్ప, ఎట్లా ఉండేవాడని ఎవరూ అడగలేదు.

"కోతి," అంది. "ఏ కొత్త తిండి కనబడ్డా నోట్ల ఏసుకోవాల్సిందే. హైదరాబాద్ పోయొస్తే బట్టలు తేడు, తిండి తెస్తడు. ఒకసారి నూడుల్స్ తెచ్చి మజ్జిగల ఏసిండు, అమ్మ గరిటె తీసుకొని ఎంబడి పడ్డది." ఆమె నవ్వింది. నవ్వుతూనే రొట్టె పెనం మీద వేసింది. "మటన్ మాత్రం ముట్టకపోతుండె. మేక మొహం గుర్తొస్తదంటడు. ప్రతి ఏడు పెత్తరమాసకు వాని ఇస్తరిల నేను మటనే పెడుతున్న చూడు. ఇంకేం పెట్టాల్నో తెల్వక."

అంబరీష్ పీట ముందుకు జరుపుకున్నాడు. తర్వాత హేమ సంగతి మొత్తం చెప్పాడు. క్యాంపులో తిన్న చేపల పులుసు, చూరు కింద మాట, ఆదివారం వచ్చేవాళ్ళు, అన్నీ. తల్లి వింటూ ఒక్కో రొట్టె కాల్చింది.

"ఆమె లేకపోతే నాకు మంచిగుండదమ్మ."

"రొట్టె సల్లారుతాంది. తిను," అంది శరణమ్మ. ఆ రాత్రి అతనికి నిద్ర పట్టలేదు.

పెత్తరమాస, అంటే ఆ అమావాస్య నాడు పొద్దున వాన వెలిసి ఎండ కాసింది. పోయిన పెద్దలకు వాళ్ళు ఇష్టపడిన వంటలు వండి విస్తరి వేసే రోజది. హేమ చేతిసంచితో మెట్లు దిగింది. బస్టాండు దాకా దిగబెట్టాలని అంబరీష్ బైకు తాళం పట్టుకుని వాకిట్లో నిలబడ్డాడు. ఇద్దరూ ఒకరినొకరు చూసుకోకుండా జాగ్రత్తపడుతున్నారు.

శరణమ్మ తలస్నానం చేసి పెరట్లోంచి వచ్చింది.

"ఏడికి బిడ్డ?"

"క్యాంపుకి ఆంటీ. మా ఇంట్లో కూడా ఈ రోజు పెద్దలకి పెడతారు."

"ఆడ వండనీకె మీ అమ్మ ఉన్నది గదా?"

"ఉందాంటీ."

"ఈడ నాకు రాదు. ఆ పొద్దు చేసిరి చూడు కొబ్బరిపాలల్ల, గదే. అది మా యమనూరికి పెట్టాల."

సరిగ్గా అప్పుడే మహదేవప్ప గేటు తోసుకుని లోపలికి వచ్చాడు. చేతిలోని ప్లాస్టిక్ సంచిని ఒంటికి దూరంగా, చేయి బారునా చాచి పట్టుకున్నాడు. సంచిలోంచి నీళ్ళు కారుతున్నాయి. మార్కెట్లో రొయ్యలు కొనడం జీవితంలో అదే మొదటిసారి అని ఆయన ముఖమే చెబుతోంది.

"తెచ్చిన," అన్నాడు. "గానీ శరణా, ఇంకొకసారి ఆలోచన చెయ్. మీ అమ్మ మాట ఉన్నది."

"అమ్మ మాట నా మీద ఉన్నది. నేను తినను, సచ్చేదాంక తినను. నది మీది కోపం నాది, మానుకున్నది నేను. వానితోని నేనెందుకు మానిపిస్తి? ఇన్నేండ్లు వాడు ముట్టని కూర ఇస్తరిల ఏసి, తినుర తమ్ముడా అని ఏడ్చిన. అమ్మ బతికుంటే కొడుకు ఇస్తరి చూసి తనే వండుతుండె." ఆమె హేమ వైపు తిరిగింది. "మొన్న వానల ఆ వాసన తగిలినప్పుడు నాకు నది యాదికి రాలే బిడ్డ. వాడు యాదికొచ్చిండు. పొయ్యి కాడ కూసోని, అక్కా అయిందా, అక్కా అయిందా అని పాణం తీస్తుండె."

అంబరీష్ తల వంచుకున్నాడు. హేమ కళ్ళు తుడుచుకుంది, కానీ సంచి కింద పెట్టలేదు.

"వండుతానాంటీ, నాకంటే సంతోషించే వాళ్ళుండరు. కానీ పెద్దలకి పెట్టేది బయటి మనుషులు వండకూడదంటారు. మా క్యాంపులో ఇంటి మనిషే వండాలి."

"మా ఇంట్ల గూడ అంతే," అంది శరణమ్మ. "పొద్దెక్కుతాంది. పోయి ఉల్లిగడ్డ కొయ్యి."

మహదేవప్పకు ముందు అర్థమైంది, సంచి పట్టుకునే గట్టిగా నవ్వాడు. అంబరీష్‌కు ఆఖరున అర్థమైంది. తాళం చేతిలోంచి జారిపడినా వంగి తీసుకోలేదు, హేమనే చూస్తూ నిలబడ్డాడు. ఆమె చేతిసంచి నెమ్మదిగా మెట్టు మీద పెట్టి ఫోన్ తీసింది.

"తాతయ్యా, ఈ రోజు రాలేను. ఇక్కడ పెద్దలకి వంట చేస్తున్నాను."

తాతయ్య గొంతు ఫోన్‌లోంచి వాకిలంతా వినబడింది.

"ఎవరి పెద్దలకమ్మా?"

హేమ శరణమ్మను చూసింది. తర్వాత అంబరీష్‌ను చూసింది.

"మనవాళ్ళకే తాతయ్యా."

శివరామకృష్ణయ్య గొంతు సవరించుకున్న చప్పుడు ఆ నలుగురికీ వినబడింది.

"సరే అయితే. ఆదివారం వచ్చేవాళ్ళని రావద్దని నేను చెప్పేస్తాలే. నువ్వు ఫోన్ పెట్టేసి వంట చూసుకో."